మచ్చల పువ్వుకు ఎర్ర దారం

"ఓయ్, కత్తి ఆపు!"

అనిల కేకకు తల్లి అంజవ్వ ఉలిక్కిపడింది. పామే కరిచిందనుకుంది. ఎల్లారెడ్డి రోడ్డు పక్క చేనుగట్టు మీద, కరెంటు తీగల కింద కొమ్మలు కొడుతున్న లైన్‌మెన్ కుర్రాడు కత్తి ఎత్తినవాడు ఎత్తినట్టే నిలబడ్డాడు.

"ఏమైంది, తీగ తెగిందా?"

"కాళ్ల కింద చూడు."

విసనకర్రలా పరుచుకున్న ఆకుల నడుమ నారింజ రంగు పువ్వు, దాని నిండా ఎర్రటి మచ్చలు. పొద్దున విచ్చి, సాయంత్రానికి పిండిన బట్టలా మెలితిరిగిపోయే ఆ అడవి పువ్వు కోసం, కామారెడ్డి కాలేజీలో బాటనీ చదివే అనిల మూడు వానాకాలాలు వెతికింది.

"ఇది ఐరిస్ మొక్కల కుటుంబం," అంది మురిసిపోతూ.

"ఎవల కుటుంబమైతేంది? గడ్డిల పురుగూ పుట్రా ఉంటయ్, ఇవతలికి రా," అంది అంజవ్వ.

కుర్రాడు నవ్వాడు. "నేను స్వామిదాసు కొడుకును, అరుణ్‌కుమార్. ఈ గట్టు మీద ఇంక కత్తి వెయ్య మేడమ్."

"మేడమ్ కాదు, అనిల."

అడగకుండానే బిడ్డ తన పేరెందుకు చెప్పిందో అంజవ్వకు అర్థమైంది. లింగంపేటలో ఇంటికొచ్చి బీడీలు చుడుతుంటే ఆకు రెండుసార్లు చినిగింది.

ఆ తర్వాత అరుణ్ రోజూ అనిలకు ఫోన్ చేసేవాడు.

"ఇయ్యాల నాలుగు మొగ్గలు."

"మొగ్గలు లెక్కపెట్టనీకే జీతమిస్తున్నరా?"

"జీతం తీగలకు. మొగ్గలు ఓవర్‌టైమ్."

అనిల నవ్వితే అంజవ్వకు భయం వేసేది. "స్తంభాలెక్కేటోనికి పిల్లనియ్య. ఒక్క షాక్ కొడితే ఏం గాను? పైగా వాళ్లు చర్చికి పోయేటోళ్లు."

కామారెడ్డి కాలేజీ తోటలో ఆ మొక్కను పెంచాలని లెక్చరర్ సుధారాణి విత్తనాలు అడిగింది. అనిల మంచి కాడలు చూసి ఎర్ర దారాలు కట్టి వచ్చింది.

బతుకమ్మ ముందురోజు అరుణ్ హెల్మెట్ నిండా మచ్చల పువ్వులతో గుమ్మంలోకి వచ్చాడు. "దారం కట్టినవన్నీ కోసిన. మీ బతుకమ్మకే కదా?"

తప్పు అతనిది కాదు. బతుకమ్మ రోజుల్లో తంగేడు పొదకు దారం కడితే, 'ఇది మాది, ఇంకెవరూ తెంపొద్దు' అని అక్కడి పిల్లలందరికీ తెలుసు.

"విత్తనాల కోసం కట్టిన! పచ్చికాయలు గూడ తెంపుకొచ్చినవ్!"

అనిల తలుపు వేసుకుంది. పీడ పోయిందనుకుంది అంజవ్వ. కానీ బిడ్డ రెండు రోజులు ముద్ద ముట్టకపోతే ఆమెకూ మెతుకు దిగలేదు.

మూడో రోజు సుధారాణి ఫోన్ చేసింది. "అంజవ్వగారూ, కాలేజీకి ఒక లైన్‌మెన్ వచ్చిండు. 'తప్పు నాది, అనిలను ఏమనొద్దు' అని గంటసేపు నిలబడ్డడు. విత్తనాలు పోతే పోయినయ్. దుంప భూమిలనే ఉంది కదా, ఒక ముక్క తెచ్చి నాటితే చాలు."

ఫోన్ పెట్టేసి అంజవ్వ తలుపు బాదింది. "లెవ్వు బిడ్డా. ఆ పిలగానికి ఫోన్ కొట్టు. గడ్డపార పట్టుకొని రమ్మను."

వారానికి కాలేజీ తోటలో ఆ ముక్క చిగురు వేసింది. పక్కన చిన్న బోర్డు. అంజవ్వ కూడబలుక్కుంటూ చదివింది: "సేకరణ: అనిల, లింగంపేట." మళ్లీ చదివింది. దారిన పోతున్న వాచ్‌మెన్‌ను ఆపి, "నా బిడ్డ," అంది.

దూరంగా నిలబడ్డ అరుణ్‌ను పిలిచింది. "మీ బాపును ఆదివారం మా ఇంటికి తోలుకరా. ప్రార్థన అయినంకనే."

"ఎందుకమ్మా?" అన్నాడు అరుణ్, దగ్గరికి వస్తూ.

"తప్పు చేసి దాసుకునేటోళ్లను మస్తు చూసిన. నువ్వు ఎదురుంగ పోయి చెప్పినవ్. గాని కరెంటు బందు చేసినంకనే స్తంభమెక్కుతనని మాటియ్యి."

"ఒట్టు."

"కాగితం మీద రాపియ్యి అమ్మా, గీయనను నమ్మొద్దు," అంది అనిల, కళ్లు తుడుచుకుంటూ.

"మీ కొట్లాట తర్వాత. ఇద్దరూ ఆ బోర్డు పక్కన నిలబడుండ్రి," అంది అంజవ్వ, అరుణ్ చేతిలోని ఫోన్ లాక్కుని. "ఏడ నొక్కాలె? ఇగో, ఫోటోల పేరు మొత్తం పడాలె."