అడుగంటిన వాసన

పర్రాల్ ఊళ్లో ఆదివారం పొద్దున చిక్కుడు గింజలు ఉడకని ఇల్లుండదు. ఎర్లిందా కూడా పెందలాడే లేచి, రాత్రి నానబెట్టిన గింజల్ని కుండలో పోసి, సగం ఉల్లిపాయా కాసిని వెల్లుల్లి రెబ్బలూ వేసి పొయ్యి మీద పెట్టింది. అవి వెన్నలా ఉడికాక పందికొవ్వులో పోసి, పప్పుగుత్తితో మెదుపుతూ వేయించాలి. ఆ వేపుడు ఎర్లిందా చేతిలోనే కుదరాలని వీధంతా అనేవాళ్లు.

ఈమధ్య అనడం మానేశారు. ఒకరోజు అడుగంటి మాడుతోంది, ఇంకోరోజు ఉప్పుకషాయం అవుతోంది.

"ఈరోజైనా నా కుండ జోలికి రాకు," అంది, గోధుమ రొట్టెలకు పిండి కలుపుతున్న కోడలితో.

"నేనెప్పుడొచ్చాను అత్తయ్యా?" అంది యెసేనియా.

"మరి పోయినవారం మాడిందెందుకు? మంట దానంతటదే పెరిగిందా?"

పోయినవారం భోజనానికొచ్చిన యెసేనియా తండ్రి ఎదుట కూడా ఎర్లిందా ఈ నిందే వేసింది. ఆయన మాడిన ముద్దను మింగి, తలవంచుకుని వెళ్లిపోయాడు. ఆ రాత్రి యెసేనియా భర్త ఫెర్మిన్‌తో చెప్పుకుంటే, "పెద్దావిడ, పోనిద్దూ" అన్నాడు. ఆ మాట ఆమెకింకా మింగుడుపడలేదు. ఇప్పుడు తను నోరు జారేలోగా యెసేనియా తడిబట్టల బుట్ట తీసుకుని పెరట్లోకి వెళ్లింది.

బట్టలారేసి తిరిగొచ్చేసరికి వంటింటి గుమ్మంలోనే గుప్పున గ్యాస్ వాసన కొట్టింది. కుండ పొంగి మంట ఆరిపోయింది. పొయ్యి బుసకొడుతోంది. దాని ముందు ఎర్లిందా నింపాదిగా నిలబడి, అగ్గిపెట్టెలోంచి పుల్ల తీస్తోంది.

యెసేనియా ఒక్క ఉదుటున వెళ్లి అత్త చేతిమీద కొట్టింది. పుల్లలు చెల్లాచెదురయ్యాయి. పొయ్యి కట్టేసి, కిటికీ తోసి, ముసలావిడను రెక్కపట్టుకుని పెరట్లోకి ఈడ్చుకొచ్చింది.

"కొట్టింది! ఒరేయ్ ఫెర్మిన్, నీ పెళ్లాం నన్ను కొట్టిందిరా!"

కారు తుడుస్తున్న ఫెర్మిన్ గుడ్డ పారేసి పరుగెత్తుకొచ్చాడు. తల్లి మణికట్టు ఎర్రగా కందింది.

"నీకేమైనా పిచ్చా? మా అమ్మ మీద చెయ్యెత్తుతావా?"

"గ్యాస్ నిండిపోయింది ఫెర్మిన్. పుల్ల గియ్యబోతోంది."

"అబద్ధం! గ్యాస్ వస్తే నాకు తెలీదూ? నీ పుట్టుక ముందునుంచీ ఆ వంటింట్లో ఉన్నాను. కొట్టిందిగాక కథలు కూడానా!"

ఫెర్మిన్ భార్యను గుడ్లురిమి చూస్తూ గుమ్మందాకా వెళ్లాడు. వాసన తగిలి అక్కడే ఆగిపోయాడు. సిలిండర్ కట్టేసి వచ్చేసరికి అతని మొహంలో నెత్తురుచుక్క లేదు.

"అమ్మా... నీకు నిజంగా తెలీలేదా?"

"జలుబు చేసింది," అంది ఎర్లిందా చప్పున.

ఏ జలుబూ లేదు. మాడిన గింజలూ, ఎక్కువైన ఉప్పూ, తనమీద పడ్డ నిందలూ యెసేనియాకు ఒక్కసారిగా అర్థమయ్యాయి. ఎంతో కోపం రావలసిన చోట ఆమె గొంతు తగ్గించి అడిగింది.

"ఎప్పట్నుంచి అత్తయ్యా?"

ముసలావిడ గౌను అంచును నలుపుతూ నిలబడింది. "చలికాలంలో జ్వరమొచ్చిందే, అప్పట్నుంచి," అంది చివరికి. "వాసన లేదు. రుచీ లేదు. ఏం తిన్నా తడిమట్టే."

"మరి చెప్పాలి కదమ్మా!" ఫెర్మిన్ గొంతు పెద్దదైంది. "అందరం బూడిదయ్యేవాళ్లం! ఇక నువ్వు వంటింట్లో అడుగు పెట్టొద్దు. ఇదే ఆఖరు మాట."

"ఇదిగో, ఈ మాటకే చెప్పలేదురా," అంది ఎర్లిందా. "ఆ పొయ్యి కూడా పోతే ఈ ఇంట్లో నేనెవర్ని? మంచం కోడునా?" కోడలివైపు తిరిగింది. "అందుకే నీమీదకు తోశాను. మీ నాన్న ఎదుట కూడా. తెలిసే తోశానే తల్లీ."

ఆ మాట ఒక్క క్షమాపణతో మానే గాయం కాదు.

"మా నాన్నకు మీరే చెప్పాలి," అంది యెసేనియా. "మీ నోటితోనే."

"చెబుతాను."

"ఫెర్మిన్, నువ్వు రేపు అత్తయ్యను డాక్టరుకు చూపించు. ఇక ఆఖరు మాటంటావా, అది నువ్వు చెప్పేది కాదు. నేను పక్కన లేకుండా అత్తయ్య పొయ్యి వెలిగించకూడదు, అంతే."

ఇల్లంతా గాలాడి, వాసన పూర్తిగా పోయాకే యెసేనియా పొయ్యి వెలిగించింది. గింజలు ఉడికాక మూకుట్లో కొవ్వు కరిగింది, ఉల్లి తరుగు చిటపటలాడింది. ఎర్లిందా గింజల్ని కాసిన్ని నీళ్లతో సహా పోసి పప్పుగుత్తి అందుకుంది. చేతులకు పని తెలుసు. ముద్ద మూకుడు అంచులు వదిలే దగ్గర మాత్రం ఆగి, భయంగా తలెత్తింది.

"మాడుతోందా?"

"లేదు, ఇంకో రెండు తిప్పులు తిప్పండి."

"ఎలా ఉంది వాసన?"

యెసేనియా వంగి పీల్చింది. "ఎర్రగా వేగిన ఉల్లిపాయ... దానడుగున వెల్లుల్లి. కమ్మగా, కొంచెం పొగ చూరినట్టు. నేను కాపురానికొచ్చిన రోజు గుమ్మంలోకి ఎదురొచ్చిన వాసన అత్తయ్యా."

ఎర్లిందా కళ్లు మూసుకుంది. చెంపల మీదుగా కన్నీళ్లు జారుతున్నా చెయ్యి మాత్రం ఆగలేదు.

"ఇంకా చెప్పవే," అంది.