అరచేతిలో చుక్క

మూడు గిన్నెల్లో మూడు పులుసులు ఉడుకుతున్నాయి. అన్నింటిలోనూ అవే బెండకాయలు, అదే చింతపండు. మందు మాత్రం వేరు. ఎవరి జన్యువులను బట్టి వారికి కావలసిన మందును వంటలోనే కలిపే ఆ పొయ్యిని కాకినాడలో అందరూ జన్యుపొయ్యి అంటారు. కోదండం తండ్రీ, అన్నలూ నలభై దాటకుండానే గుండె ఆగి పోయారు. కోదండానికి మొన్ననే యాభై నిండాయి. అతని భార్య సత్యవేణి ఆ పొయ్యికి రోజూ బొట్టు పెట్టేది ఊరికే కాదు.

ఇవాళ మాత్రం దానివైపు చూడాలంటేనే ఆమెకు భయంగా ఉంది. తొమ్మిదేళ్ళ కూతురు హిమజ నాలుగు రోజులుగా వాంతులతో నీరసించిపోయింది. పాప రక్తంలో తండ్రి మందు కొద్దికొద్దిగా పేరుకుందని, ఇలాగే సాగితే నెల తిరిగేసరికి కాలేయం చెడిపోతుందని డాక్టరు ఫర్హానా ఇంటికే వచ్చి చెప్పింది.

ఒకరి గిన్నె ఒకరు ముట్టకూడదన్న నియమం ఆ ఇంట్లో ఎవరూ తప్పలేదు. సత్యవేణి ఒట్టేసి మరీ చెప్పింది. ఫర్హానా వాదించలేదు. రోజూ ఎలా వండుతారో అలాగే వండి చూపించమని, వంటింట్లో పీట వేసుకుని కూర్చుంది.

కోదండం గిన్నెను దించబోతూ సత్యవేణి గరిటెతో కాస్త పులుసు తీసింది. హిమజ ఎప్పటిలాగే లేచొచ్చి అరచెయ్యి చాపింది.

"ఆగమ్మా," అంది ఫర్హానా మెల్లగా.

వండేవాళ్ళు రుచి చూస్తే వంట ఎంగిలవుతుందని సత్యవేణికి తల్లి నేర్పింది. ఉప్పు చూడటం పిల్లల పని. చుక్క నాకడం తినడం కిందికి వస్తుందని ఆమెకు ఏనాడూ తట్టలేదు. అన్నీ తెలిసిన ఆ పొయ్యికీ ఈ సంగతి తెలియదు. బిడ్డకు తన చేత్తోనే విషం పెట్టానని ఆమె అక్కడే కూలబడి ఏడ్చింది.

మర్నాడు ఆసుపత్రివాళ్ళు ఉప్పుకొలత అనే చిన్న పుల్లను పంపారు. పులుసులో ముంచితే అంకె చూపిస్తుంది. తప్పు చెప్పదు.

వారం తిరిగేసరికి హిమజ కోలుకుంది. వంటింటి గుమ్మంలో నిలబడి తల్లినీ, పుల్లనీ మార్చి మార్చి చూసింది.

"ఇంక నన్ను ఉప్పు చూడమనవేంటమ్మా? నా పని దానికిచ్చేసేవా?"

సత్యవేణి పుల్లను పక్కన పెట్టింది. గరిటె శుభ్రంగా కడిగి, బిందెలో మంచినీళ్ళు తీసి, ఆ అరచేతిలో ఒక చుక్క వేసింది. హిమజ నాకి, కళ్ళు మూసుకుని కాసేపు ఆలోచించింది.

"సరిపోయిందమ్మా," అంది.

ఆ నీళ్ళలో ఉప్పుకల్లు ఒక్కటైనా లేదని ఇద్దరికీ తెలుసు.