హుల్డా గొడుగు మూసిన వేళ

"అది నా దెబ్బలో పస అండీ! వాడి చేతగానితనం కాదు."

"బంతి తిన్నగా అతని చేతుల్లోకే వెళ్ళింది, అతను జారవిడిచాడు. కాబట్టి ఫీల్డర్ తప్పు. మీకు హిట్ రాయను," అంది లియోనా, పెన్సిల్ చెక్కుకుంటూ.

అలా మొదలైంది మే నెలలో. ఎమ్మెట్ రాడ్కో హార్లన్ క్రీక్ బేస్‌బాల్ జట్టుకి క్యాచర్, బ్యాట్ పట్టినవాడి వెనకాల కూర్చుని బంతులు పట్టేవాడు. స్కోరు రాసే తండ్రికి చూపు మందగించినప్పటి నుంచి ఆ పని లియోనాదే. ఎమ్మెట్ ప్రతి ఆటకీ ఆమె బల్ల దగ్గరికి పోట్లాటకి వచ్చేవాడు. జూలై వచ్చేసరికి పోట్లాటకి కారణం కూడా వెతుక్కోవడం మానేశాడు.

లియోనా తల్లి హుల్డా ఇదంతా చూస్తూనే ఉంది. చూసిన ప్రతిసారీ భయపడి కూతుర్ని పట్టుకుని అడిగేది.

"వాడి వేళ్ళు చూశావుటే? ఒక్కటైనా తిన్నగా ఉందా? రేపు బంతి మొహానికి తగిలితే?"

"మొహానికి ముసుగు ఉంటుందమ్మా."

"ముసుగు విరిగితే?"

లియోనా నవ్వేసి ఊరుకునేది. ఆ నవ్వు చూస్తే హుల్డాకి ఇంకా భయం.

ఆ ఆదివారం పొద్దున ఎమ్మెట్‌కి టెలిగ్రామ్ వచ్చింది. పట్నంలో పెద్ద జట్టువాళ్ళు రమ్మన్నారు. రాత్రి ఎనిమిదింటి రైలుకే బయల్దేరాలి. ఆట మొదలయ్యే ముందు నేరుగా స్కోరు బల్ల దగ్గరికి వచ్చి, టోపీ తీసి చేత్తో నలుపుతూ నిలబడ్డాడు.

"నన్ను చేసుకుంటావా? సరే అను, లేదా కాదను. రైల్లో ఆలోచిస్తూ కూర్చోవడం నావల్ల కాదు."

లియోనా చెవులు ఎర్రబడ్డాయి. "ఆట అయ్యాక చెప్తాను. ఇప్పుడు నా బుర్ర స్కోరు మీద ఉండాలి."

"రెండు గంటలేగా. ఓపిక పడతాను," అన్నాడు పాపం.

వెనకాల 'ఆపిల్ పై' అనే తీపి రొట్టె బుట్టతో నిలబడ్డ హుల్డాకి అన్నీ వినపడ్డాయి. పట్నం! పిల్ల జ్వరం వచ్చి పడుంటే నుదుటి మీద చెయ్యి వేసేవాళ్ళెవరు?

తొమ్మిదో ఇన్నింగ్స్‌తో ఆట అయిపోవాలి. అప్పటికి హార్లన్ క్రీక్ ఒక్క పరుగు వెనకబడి ఉంది. నాలుగు చినుకులు పడ్డాయి. పడిశం పడుతుందని హుల్డా గొడుగు విప్పిందో లేదో, మనవాళ్ళ బంతి కంచె దాటిపోయింది. స్కోరు సమానమైంది.

చినుకులు ఆగాయి. హుల్డా గొడుగు ముడవబోయింది.

"పెద్దమ్మా! ముయ్యకు!" వెనక వరసలోంచి ఉక్కు మిల్లు గ్రబ్ గావుకేక పెట్టాడు. "అదృష్టం అందులోనే ఉంది!"

ఆ ఊళ్ళో ఆట మంచి పట్టులో ఉంటే ఎవరూ టోపీ సర్దుకోరు, కాలు మీద కాలు తియ్యరు. అందుకని ఎర్రటి ఎండలో హుల్డా గొడుగు పట్టుకుని కూర్చుంది.

సమానంగా ఉంటే తేలేదాకా ఆడాల్సిందే. పన్నెండో ఇన్నింగ్స్ అయింది, పదహారోదీ అయింది, తేలలేదు. స్కోరు కాగితంలో గళ్ళు అయిపోతే లియోనా ఆపిల్ పైకి చుట్టిన కాగితం చింపి అంటించింది. లీగ్‌లో ఇప్పటిదాకా అతి పొడుగాట ఇరవైరెండు ఇన్నింగ్స్. జనం గోల గోల.

ఎమ్మెట్ వెళ్తూ వస్తూ బల్ల వైపు వంగేవాడు.

"ఇంకా తేలలేదా లియోనా?"

"స్కోరు సమానం."

"నీ మనసులోనో?"

"అదీ ఆట అయ్యాకే."

ఆదివారం చట్టం ప్రకారం సాయంత్రం ఏడింటికి ఆట ఆపెయ్యాలి. అప్పటికీ తేలకపోతే మిగతాది ఆగస్టులో, అవతలి జట్టు మళ్ళీ వచ్చినప్పుడు. అప్పటికి వాడు పట్నంలో ఉంటాడు, జవాబు పిల్ల నోట్లోనే ఉండిపోతుంది. ఈ లెక్క తట్టగానే హుల్డా గొడుగు రెండు చేతులతో పట్టుకుంది. దేవుడా, ఏడుదాకా లాగించు.

ఇరవయ్యో ఇన్నింగ్స్‌లో బంతి ఎమ్మెట్ వేళ్ళకి తగిలింది. "అయ్యో నాయనా!" అన్న మాట హుల్డా నోట్లోంచి తన్నుకొచ్చింది.

అతను చెయ్యి విదిల్చుకుంటూ ఇటు చూశాడు. "నా వేళ్ళకేం కాలేదు అమ్మగారూ. మీ చెయ్యే వణుకుతోంది. గ్రబ్, ఆవిడ మోచేతి కింద నీ కోటు పెట్టవయ్యా!"

ఇంతసేపట్లో ఆ చెయ్యి నొప్పెడుతోందని చూసినవాడు అతనొక్కడే. హుల్డాకి ఒళ్ళు మండింది. మంచివాడు కాకపోతే ఎంత తేలిగ్గా ఉండేది!

ఇరవైనాలుగో ఇన్నింగ్స్. ఏడుకింకా పావుగంట ఉంది. మనవాడొకడు మూడో బేస్ మీద ఉన్నాడు, హోమ్ బేస్ చేరితే పరుగు; ఇద్దరు అవుట్, మూడోవాడు అవుటైతే ఈ ఇన్నింగ్స్ కూడా అయిపోయినట్టే. బ్యాట్ పట్టుకుని ఎమ్మెట్ వచ్చాడు. హుల్డా కూతురి వైపు చూసింది. ఇచ్చిన ఆపిల్ పై ముక్క ముట్టుకోలేదు. పెన్సిల్ చివర నమిలి నమిలి పీచు చేసింది. చూపు గడియారం మీదే ఉంది.

చెప్పని జవాబు పెట్టుకుని ఇది ఏళ్ళ తరబడి ఇలాగే పెన్సిల్ నములుతూ కూర్చుంటే? పట్నం కన్నా పెద్ద భయం అది.

హుల్డా టప్పున గొడుగు మూసింది.

"పెద్దమ్మా!" గ్రబ్ లేచి నిలబడి అరిచాడు.

అదే క్షణాన ఎమ్మెట్ కొట్టాడు. బంతి దొర్లుకుంటూ పోయి, రెండో మూడో బేస్‌ల మధ్య కాపు కాసే షార్ట్‌స్టాప్ చేతుల్లో పడి, జారి, కాళ్ళ మధ్యకి పోయింది. మూడో బేస్ వాడు హోమ్ బేస్‌కి చేరాడు. గెలిచారు!

ఎమ్మెట్ జనాన్ని తోసుకుంటూ రొప్పుతూ బల్ల దగ్గరికొచ్చాడు. "రాశావా? ఇవాళైనా హిట్టేనా?"

లియోనా ఆ అంటించిన కాగితం తిప్పి చూపించింది. "ఫీల్డర్ తప్పు."

అతను పగలబడి నవ్వాడు. "నా కోసం ఒక్క గీత కూడా తప్పు రాయవన్నమాట. అయితే నువ్వు సరే అంటే అది నిజంగా సరేనే. ఆట అయింది. చెప్పు."

"సరే," అంది లియోనా. ఈసారి చెవులే కాదు, మొహమంతా ఎర్రబడింది.

"చూశావా, గొడుగు మూస్తే ఏమైందో!" అన్నాడు గ్రబ్.

"ఆట తేలాలనే మూశాను," అంది హుల్డా. లేచి, తిమ్మిరెక్కిన చేత్తో ఆ గొడుగు ఎమ్మెట్‌కి ఇచ్చింది. "తీసుకుపో. పట్నంలో వానలెక్కువట. రైల్లో కిటికీ పక్కన కూర్చోకు, కంట్లో బొగ్గు నలుసు పడుతుంది. ఆ ముసుగు కూడా..."

"కొత్తది కొంటాను అత్తయ్యా."

"రెండు కొను," అంది హుల్డా.