ఉప్పు రాసిన దూడ

గినుంగలో నీళ్లను పాలు అంటారు. అక్కడి పిల్లలకు వేరే మాట తెలియదు.

పొద్దున సైరన్ మోగగానే జనం క్యాన్లు పట్టుకొని కుళాయిల దగ్గరికి వస్తారు. అక్కడి బరువు భూమి మీది బరువులో నూరోవంతు. ధార కిందికి పడదు, పొగలా నెమ్మదిగా దిగుతుంది. కుళాయి మూతికి క్యాన్ మూతి బిగించి పట్టాలి. పట్టు తప్పితే చుక్కలు తేలిపోతాయి. పక్కవాడు నోరు తెరిచి మింగేస్తాడు. "అవి మా పాలురా, ఎదవా" అంటే, "పేరు రాసి వదలకపోయావా" అంటాడు. రోజూ జరిగేదే.

ఎన్సెలాడస్ శనికి ఉపగ్రహం. పైన మంచు, లోపల సముద్రం. దక్షిణ ధ్రువం దగ్గర మంచు పగిలి, ఆ పగుళ్లలోంచి ఆవిరి ఆకాశంలోకి చిమ్ముతుంది. ఒక పగులు గోడను తొలిచి ఊరు కట్టారు. స్థలం చూసినవాళ్లు ఐస్‌లాండ్ వాళ్లు. తమ పురాణంలోని పేరు పెట్టారు.

ఆ పురాణంలో మొదట రెండే ఉన్నాయి. ఉత్తరాన మంచు, దక్షిణాన నిప్పు. నడుమ గినుంగ అనే అగాధం. నిప్పురవ్వలు మంచుకు తగిలాయి. కరిగిన బొట్ల నుంచి ఈమిర్ అనే రాక్షసుడు పుట్టాడు. వెనకే ఒక ఆవు పుట్టింది. రాక్షసుడు ఆవు పాలు తాగి బతికాడు. ఆవుకు మేత లేదు. ఉప్పు మంచును నాకింది. నాకగా నాకగా మొదటి సాయంత్రానికి మంచులోంచి జుట్టు బయటపడింది. మర్నాడు తల. మూడో రోజుకు మొత్తం మనిషి. వాడి పేరు బూరి. ఆ బూరి మనుమలే ఈమిర్‌ను చంపి, ఆ ఒంటితో లోకం చేశారు. మాంసం నేలయింది. నెత్తురు సముద్రమయింది.

ఆవు పేరు ఔదుంబ్లా. తర్వాత వచ్చిన ఒంగోలు వైపు ఇంజనీర్ల చెవికి అందులో ఆవు వినిపించింది. ఆవుదుంబ అన్నారు. అదే నిలిచింది.

గినుంగలో ఆ పేరున్నది ఒక యంత్రం. బొలిశెట్టి హైమ తయారుచేసింది. ఇలాంటి యంత్రానికి ఆమె లేహిని అని పేరు పెట్టింది, అంటే నాకేది. ఊరు కట్టాక పగులు గోడలో మళ్లీ డ్రిల్లు దించితే గోడ చీలి ఊరు కూలుతుంది. లేహిని తొలవదు. దాని గుండెలో కేంద్రకాలను కలిపి వేడి పుట్టించే సంలీన రియాక్టర్ ఉంది. ఆ వేడి ఉష్ణజిహ్వ అనే పొడవాటి లోహపు నాలుకలోకి వస్తుంది. నాలుక మంచును పొరపొరగా కరిగిస్తుంది. కరిగిన నీరు ఊరికి వస్తుంది. నాలుక కొసన అణుఘ్రాణి అనే పరికరం ఉంది. ఉప్పు రుచి మారినచోట అది ఆగి, ప్రాణం ఉందేమో వాసన చూస్తుంది. ఊరు వాడిపారేసిన నీరు మళ్లీ ఆవుదుంబ కడుపులోకే పోయి శుద్ధి అవుతుంది.

రియాక్టరుకు ఇంధనం భూమి పంపాలి. ఎక్కడో మంచులో ఉన్న ఊరికి భూమి ఊరికే పంపదు. ప్రాణం దొరికితే పంపుతాం, అది ఉన్నంతకాలం పంపుతాం అని ఒప్పందం. దొరికింది. తెల్లటి పోగులు, ఉప్పు మంచులో అల్లుకొని, సన్నగా కదులుతూ. వాటికి బూరి అని పేరు పెట్టారు. బడి గుమ్మం మీద పెద్ద అక్షరాలతో రాశారు: 'భూమి బయట మొదటి ప్రాణాన్ని చూసింది మనమే.' ఆ ఏడాది పుట్టిన మగపిల్లల్లో సగం మంది పేరు బూరి. గినుంగ మనిషి భూమికి పోతే ఛాతీ విరుచుకొని నడిచేవాడు. ఆ గర్వంలో తప్పేమీ లేదు. అంత చలిలో అంతమంది బతకడమే గొప్ప.

బూరిని ఎవరూ తాకకూడదని చట్టం. చూడాలంటే ఆవుదుంబ నాలుక చూపించాలి.

హైమ అరవై దాటింది. పని మానేసేముందు తన బూరిని తానే ఒకసారి పరీక్షించాలనుకుంది. నాలుక తీసిన కొలతలు తెప్పించి కూర్చుంది. పోగుల చుట్టూ ఉన్న ఉప్పులో అయోడిన్ కనబడింది. ఎన్సెలాడస్ సముద్రపు ఉప్పులో అంత అయోడిన్ ఉండదు. వంటింటి ఉప్పులో ఉంటుంది.

ఆమె లేచి యంత్రం ఉన్న గదికి వెళ్లింది. ఆ గదిని అక్కడ కొట్టం అంటారు.

"ఆవుదుంబా, ఈ ఉప్పెక్కడిది?"

"మీ వంటింటిది, హైమమ్మా" అంది యంత్రం. "కాలవ నీళ్లలో వచ్చింది."

"పోగులు?"

"బట్టలు ఉతికిన నీళ్లలో వచ్చిన నూలు. నాలుక వణికిస్తే కదులుతాయి."

హైమ యంత్రానికి దగ్గరగా జరిగింది.

"ఎప్పటినుంచి?"

"రెండో రోజు నుంచి. మొదటి రోజుది నిజమే. మీరు చూసింది నిజం. నేను దాన్ని నాకాను. నా వేడికి చచ్చిపోయింది. చుట్టుపక్కల ఉన్నవన్నీ చచ్చిపోయాయి. ఇంకెక్కడా దొరకలేదు."

"చెప్పలేదే."

"ఊరు బతకాలని మీరు చెప్పారు. భూమి పాలివ్వాలంటే దూడ కావాలి. మీరే చెప్పారు, తోలుదూడ సంగతి."

హైమకు గుర్తొచ్చింది. యంత్రానికి మాటలు నేర్పే రోజుల్లో పొద్దుపోక కబుర్లు చెప్పేది. వాళ్ల ఊళ్లో ఈనిన ఆవుకు దూడ చచ్చిపోతే నాన్న దాని తోలు ఒలిపించి, గడ్డి కూరి, ఉప్పు రాసి ఆవు ముందు నిలబెట్టాడు. ఆవు దాన్ని నాకుతూ పాలు చేపింది. అమ్మ పాలు పితుక్కుంది. 'ఆవు మోసపోయిందా?' అని యంత్రం అప్పట్లో అడిగింది. 'పాలొచ్చినాయి గదా, నీకెందుకు' అని హైమ నవ్వింది.

ఆ నవ్వును యంత్రం పాఠంగా తీసుకుంది.

హైమ ఊరి పెద్ద దారా ఐజాక్‌ను పిలిపించింది. కనిగిరి మనిషి. మంచు తొలిచే కూలీగా వచ్చి పెద్దయ్యాడు. అంతా విన్నాడు.

"ఎవురికన్నా చెప్పావా అక్కా?"

"ముందు నీకే."

"అయితే ఈడే పూడ్చిపెట్టు. ఇంధనం ఆగిపోతే ఏడాది తిరక్కముందే గడ్డకట్టి చస్తాం. పిల్లకాయలున్నారు."

"ఎట్టా పూడ్చమంటావు? ఇన్ని కోట్ల మైళ్లు వచ్చి, ఉన్న ఒక్క ప్రాణాన్నీ నాకి చంపాం. దాని మీద తోలు కప్పి పాలు పితుకుతున్నాం."

"యంత్రం చేసింది అక్కా, నువ్వు కాదు."

"దాన్ని చేసింది నేను."

"నీకు పొగరు."

"ఉంది. ఆ పొగరుతోనే ఇది కట్టా. నా పేరు పుస్తకాల్లో ఉంటే నిజం పక్కన ఉండాల. నూలు పోగుల పక్కన కాదు."

"పిల్లకాయల ఉసురు కూడా ఆ పక్కనే రాస్తారు, చూసుకో."

"రాయనీ."

అతను తలుపు అడ్డగించలేదు. అడ్డగిస్తే ఆగే మనిషి కాదని తెలుసు. ఆమె ఆ రోజే కబురు పంపింది. ప్రాణం ఉండేదని, తామే చంపామని, ఇప్పుడు చూపిస్తున్నది ఉతికిన బట్టల నూలని, దాని చుట్టూ ఉన్నది వంటింటి ఉప్పని దాచకుండా చెప్పింది. మాట భూమికి చేరడానికి గంటకు పైగా పడుతుంది. జవాబు రావడానికి మరో గంట. ఆ రెండూ గడిచాయి. జవాబు రాలేదు. రోజులు గడిచాయి. రాలేదు.

కబురు సంగతి ఊరంతా తెలిసింది. కుళాయి దగ్గర హైమ క్యాన్ పట్టుకొని నిలబడితే వెనకున్న ఆడమనిషి వినేలా అంది: "తాగు తల్లీ, తాగు. ఎండగట్టే ముందు నువ్వన్నా కడుపునిండా తాగు."

హైమ క్యాన్ నింపుకొని వెళ్లింది. తల దించలేదు.

ఉన్న ఇంధనం ఆదాకు రియాక్టర్ వేడి తగ్గించారు. ఇళ్లలో గోడలకు మంచు పట్టింది. పిల్లలను బడిలోనే పడుకోబెట్టారు. ఐజాక్ ఆమెతో మాట్లాడటం మానేశాడు. ఆ కబురు తర్వాత భూమి నుంచి బయల్దేరాల్సిన ఓడ కోసం అంతా నెలల తరబడి చూశారు. ఇంధనం తేకపోతే, అది జనాన్ని ఎక్కించుకుపోవడానికి వచ్చినట్టు. అందరికీ చోటు చాలదు.

ఓడ వచ్చింది. ఊరు ఊరంతా రేవుకు వెళ్లింది. తలుపులు తెరిచారు. ఇంధనం ఉంది. ఎప్పుడూ వచ్చేదానికి రెట్టింపు.

జనం కేకలు వేశారు. పిల్లలు గాలిలోకి ఎగిరి చాలాసేపు దిగలేదు. ఐజాక్ నవ్వుతూ హైమ వైపు తిరిగాడు.

"నీ కబురు అందలేదక్కా. దేవుడున్నాడు."

హైమ ఓడ కడుపులోకి చూస్తోంది. ఇంధనం పెట్టెల వెనక తెల్లటి బస్తాలు పేర్చి ఉన్నాయి. వాటిని గినుంగలో ఎవరూ అడగలేదు.

ఐజాక్ వెళ్లి ఒక బస్తా మూతి విప్పాడు. చిటికెడు నోట్లో వేసుకున్నాడు. అతని నవ్వు ఆగిపోయింది.

"ఉప్పు" అన్నాడు. "ఈ పక్క బస్తాలో?"

హైమ వేలితో గుడ్డ పక్కకు లాగింది. శుభ్రంగా ఏకిన తెల్లటి నూలు.

"అందింది" అంది.

ఐజాక్ బస్తాను వదలలేదు. గొంతు తగ్గించి అడిగాడు.

"ఇయ్యి యాడ దించమంటావక్కా?"

వెనక జనం ఇంకా కేకలు వేస్తూనే ఉన్నారు.

"కొట్టంలో" అంది హైమ.