ఇంటి కోసం ఒక గంట

ఆ పొద్దున హజరా బీ బొరుగుల ఉగ్గానిలో ఉప్పు రెండుసార్లు వేసింది. ఒక ముద్ద తిని మొహం చిట్లించినా అర్షద్ రెండో ముద్ద తీసుకున్నాడు. పనిబడిన రోజు కొడుకులకు అమ్మ వంట ఎలా ఉన్నా బాగానే ఉంటుంది. అతనికి ఇవాళ ఆమె సంతకం కావాలి.

ఆమె భర్త మక్బూల్ ఎమ్మిగనూరులో, వాళ్ళ వీధి చివరున్న ప్రభుత్వ హైస్కూల్లో అటెండరు. సాయంత్రం లాంగ్ బెల్లు కొట్టాక కాస్త ఆగి, మెల్లగా ఇంకొకటి కొట్టేవాడు. అది బడికి కాదు, ఇంటికి. 'వస్తున్నా, టీ పెట్టు' అని. గుండెపోటుతో ఆయన పోయి ఎనిమిది నెలలైంది.

సర్వీసులో ఉండగా పోయినవాళ్ళ ఇంట్లో ఒకరికి కారుణ్య నియామకం కింద ఉద్యోగం ఇస్తారు. ఆ ఒకరు అర్షదేనని చుట్టాలంతా కూర్చుని తేల్చేశారు. మిగిలినవాళ్ళు అభ్యంతరం లేదని సంతకం చేస్తే చాలు. అతని చెల్లెలు నాజ్నీన్ చేసేసింది. హజరా బీకే చేయి రావడం లేదు. ఆ ఉద్యోగం తనకు కావాలి. నవ్వుతారేమోనని ఇన్నాళ్ళూ ఆ మాట గొంతులోనే దాచుకుంది.

"సంతకం పెట్టుమా. నేను ఆదోనికి పోయి అంగడి తెరవల్ల."

"సెల్‌ఫోన్ల అంగడి బాగానే జరుగుతాంది గదా బేటా. ఇది నీకెందుకు?"

"పిల్లనిచ్చేటోళ్ళు గవర్నమెంటు ఉద్యోగమా అని అడుగుతాండారు."

"అయితే గంట కొట్టేది పెండ్లి కోసరమా?" నాజ్నీన్ కిసుక్కున నవ్వింది.

హజరా బీ కాగితం మడిచి పక్కన పెట్టింది. "నేను పెట్టను. ఆ పని నేనే చేస్తా."

అర్షద్ చేతిలో ముద్ద అలాగే ఉండిపోయింది. "నువ్వా? ఊరోళ్ళు ఏమంటారు? అమ్మను పనికి తోలి కొడుకు కూసోని తింటాండాడంటారు."

"మీ నాయనకు ఉద్యోగం రాకముందు పత్తి తీసేకి కూలికి పోతాంటి. అప్పుడు ఏమీ అనలేదప్పా ఊరోళ్ళు. నీడపట్టున పనిచేస్తానంటేనే అంటారా?" ఆమె కాగితాన్ని ఇంకాస్త అవతలికి నెట్టింది. "ఎనిమిది నెల్ల నుంచి అందరూ నన్ను సంతకమే అడిగినారు. నీకేం గావాలని ఒక్కరన్నా అడిగినారా? రేపు మాత్రలకైనా నీ చేతికల్లా చూడల్లనా నేను?"

"నేను ఇయ్యనా?"

"ఇస్తావు. అడగల్ల గదా."

అర్షద్ ముద్దను పళ్ళెంలో పెట్టేశాడు. జవాబు లేనివాడు రూల్సు మాట్లాడతాడు. "దానికి సదువు ఉండల్ల."

"దేవనకొండలో ఏడో తరగతి పాసైనా."

"రుజువు యాడుంది?"

బడివాళ్ళు ఇచ్చిన రికార్డు షీటు ఏనాడో వానకు నాని చిరిగిపోయింది. హజరా బీ తల దించుకుంది. అర్షద్ తినేది వదిలేసి బండెక్కి వెళ్ళిపోయాడు.

బిడ్డను కడుపునిండా తిననివ్వలేదని ఆమె ఆ పూటంతా కుమిలిపోయింది. ఉప్పెక్కువైన ఉగ్గానైనా ఉగ్గానే కదా.

సాయంత్రం అర్షద్ మొహం నిండా దుమ్ముతో వచ్చి ఆమె ఒళ్ళో రెండు కాగితాలు పెట్టాడు. ఒకటి అభ్యంతరం లేదని అతను సంతకం చేసిన కాగితం. రెండోది స్టడీ సర్టిఫికెట్టు.

"అంగడికి పోలేదా?"

"దేవనకొండకు పోయినా. మీ బడిలో పాత రిజిస్టర్లన్నీ తీయించినా. కుడి చెంప మీద మచ్చ అని రాసిండారు. అది సూసినాక నువ్వేనని నమ్మినా." నవ్వబోయి ఆమె కాళ్ళ దగ్గర కూలబడ్డాడు. "నాయన పోయినాక నువ్వు నాకు అప్పగింతయినావనే అనుకుంటినమ్మా. నీకూ ఒక మనసు ఉంటాదని మరిసిపోయినా."

హజరా బీ కొడుకు తల ఒళ్ళోకి లాక్కుని, తలలోని దుమ్ము దులుపుతూ ఏడ్చింది.

నాలుగు నెలలకు అదే బడికి ఆర్డరు వచ్చింది. ఆమె చేరిన రోజున అర్షద్ అంగడి ముందే మూసేసి ఇంటికొచ్చాడు. వీధి చివర లాంగ్ బెల్లు మోగింది. పిల్లల అరుపులు వినిపించాయి. అన్నాచెల్లెళ్ళు ఊపిరి బిగబట్టి కూర్చున్నారు. కాసేపటికి మెల్లగా ఇంకొక్క గంట.

అర్షద్ కళ్ళు తుడుచుకుంటూ లేచాడు.

"నాజూ, పాలు యాడుండాయి?" అంటూ పొయ్యి వెలిగించాడు.