ఇరవయ్యో ప్రశ్న

సూర్యాపేట కొత్త బస్టాండులో ఏడో నంబరు ప్లాట్‌ఫారం మీద కూర్చున్న మనిషి కునుకు తీస్తున్నాడనే అందరూ అనుకున్నారు. కోదాడ బస్సు వచ్చింది, పోయింది. ఇంకోటి వచ్చింది. ఆయన లేవలేదు. ఊడ్చే ఆవిడ "అన్నా, జర కాళ్లు తీయ్" అని రెండుసార్లు చెప్పి, మూడోసారి భుజం తట్టింది. మనిషి పక్కకు ఒరిగిపోయాడు.

కుడి అరచేతిలో సూదిమొన దిగినంత ఎర్రటి చుక్క. ఎడమ చేతిలో ఫోను. స్క్రీన్ మీద అక్షరాలు ఇంకా వెలుగుతూనే ఉన్నాయి: 'అభినందనలు! మీరు టకటక క్విజ్ ఫైనల్‌కు ఎంపికయ్యారు. ఈ రోజు సాయంత్రం నాలుగు గంటలకు, మిర్యాలగూడలో.'

గంట తర్వాత, బస్టాండు వెనక సందులో ఉన్న జిరాక్స్ సెంటర్ ముందు ఒక అమ్మాయి ఆగింది. నూలు చుడీదారు, నూనె రాసి బిగించిన జడ, నేల చూపులు. డిగ్రీ హాల్ టికెట్ కోసం వచ్చిన పిల్లలా ఉంది. పేరు నీలా. డిపార్ట్‌మెంట్ లెక్కల్లో ఏజెంట్ 31.

"ఆధార్ కార్డు. కలర్ జిరాక్స్. లామినేషన్ వద్దు."

"లామినేషన్ లేకుంటే వానకు తడుస్తది," అంది కౌంటర్ వెనకున్నావిడ.

"గొడుగుంది."

కౌంటర్ చెక్క పైకి లేచింది. మెషిన్ల వెనక ఇరుకు గదిలోకి నడిచాక చీఫ్ కృపారాణి కళ్లజోడు తీసి తుడుచుకుంది. కళ్లు ఎర్రగా ఉన్నాయి. చనిపోయిన యాకోబు ఆమెతో పద్దెనిమిదేళ్లు పని చేసిన ఏజెంటు.

"ఎవడో చెయ్యి కలిపిండు. ఉంగరంల సూది. అంతే, ఖతం," అంది ఆమె. "కూసో. టైం లేదు."

బ్రీఫింగ్ నాలుగు నిమిషాల్లో ముగిసింది. కోబాల్ట్ అనే విదేశీ ముఠా మన ఇన్ఫార్మర్ల లిస్టు ఒకటి దొంగిలించింది. పదకొండు పేర్లు, అడ్రసులతో సహా. దాన్ని కొనేవాడికి అందజేయాలి. ఫోన్లో పంపితే దొరికిపోతారు, చేతికిస్తే ఇంకా తొందరగా దొరికిపోతారు. అందుకే ఒక క్విజ్ గేమ్ పెట్టారు. వేలమంది ఆన్‌లైన్‌లో ఆడారు. ముప్పై మంది ఫైనల్‌కు వచ్చారు. గెలిచినవాడి ఫోనులో ప్రైజ్ బాక్స్ తెరుచుకుంటుంది. లిస్టు అందులో ఉంటుంది. వాళ్ల దగ్గర ఉన్నది ఆ ఒక్క కాపీయే.

"గెలవాల్సినోడు ముందే డిసైడ్ అయిండు. ఆటల పేరు మిస్టర్ జీరో. మొఖం ఎవరికీ తెల్వదు. సెమీస్‌ల వాన్ని దాటింది యాకోబు ఒక్కడే. అందుకే ఏసేసిండ్రు."

"ఆట ఆపేస్తే అయిపోతది గద మేడం?"

"సర్వర్ దేశం బయట ఉంది. గీడ ఆపితే ఇంకో దారిల పోతది. గెలిచి, తెరిచి, చెరిపెయ్యాలె. యాకోబు ఐడీతోని నువ్వు ఆడుతున్నవ్. పేరు మాత్రం మార్చుకో."

 నీలా చేతికి తుపాకీ ఇచ్చినా ఇంత భయపడేది కాదు. తండా స్కూల్లో పదేళ్లు చదివినా, జవాబు తెలిసి కూడా ఒక్కసారి చెయ్యెత్తని పిల్ల ఆమె.

"హోస్ట్ ఈమె," చీఫ్ ఒక ఫోటో ముందుకు తోసింది. నల్లకళ్లద్దాలు, పచ్చటి మెరుపుల గౌను, కెమెరాను కాల్చేసేలా నవ్వు. "హారిక. మనకూ పని చేస్తది, వాళ్లకూ చేస్తది. ఇయ్యాల ఎటుంటదో నాకు పక్కా తెల్వదు."

చివరగా ఆమె గొంతు తగ్గించింది. "లిస్టుల మూడో పేరు రేణుకమ్మ."

కోదాడ హైవే మీద చాయ్ హోటల్ రేణుకమ్మ. సరిహద్దు దాటే లారీల్లో దేంట్లో ఏం పోతుందో చెప్పే మనిషి. రెండేళ్ల కింద, వెంటాడుతున్న వాళ్ల నుంచి నీలాను బియ్యం బస్తాల వెనక దాచి, గుమ్మంలో కూర్చుని తాపీగా ఉల్లిగడ్డలు కోసిన మనిషి.

"ఆమెను ఎటన్న పంపిద్దాం మేడం."

"పదకొండు మంది ఒక్కపాలి మాయమైతే, వాళ్లెవరో మనమే డప్పు కొట్టి చెప్పినట్టైతది. గెలువు. అంతే. యాకోబు కోసం తయారైన సామాను ఆమె దగ్గరనే ఉంది. కోదాడ మీదికెల్లి పో."

బస్సులో నీలా యాకోబు పాకెట్ డైరీ తెరిచింది. చీమల బారులాంటి రాత. 'ముందు ప్రశ్న చదవకు, ఆప్షన్లు చదువు. నాలుగు జవాబులు పక్కపక్కన ఉంటే ప్రశ్న ఏమిటో అవే చెప్తాయి.' ఆ కింద: 'బొటనవేలు అద్దానికి వెంట్రుక వాసి పైన ఉండాలి. ఆనితే చెమట, ఎత్తితే ఆలస్యం.' మరో పేజీలో: 'తెలియనిది వదిలెయ్. తప్పు నొక్కితే సరైన జవాబుల వరస తెగుతుంది, వదిలేస్తే తెగదు.' ఒక మాట కింద మాత్రం రెండు గీతలున్నాయి: 'డబుల్ బటన్ భయపడ్డప్పుడు వాడేది కాదు. చివర్న వాడేది.'

కోదాడలో రేణుకమ్మ ఆమెను చూడగానే మూతి విరిచింది. "ఏందమ్మాయ్ ఇట్టా చిక్కిపోయావ్? ఆఫీసోళ్లు కూడు పెట్టట్లేదా?"

"పెడుతున్నరు అత్తా."

"పెడితే ఎక్కడికి పోతంది?" అని స్టీలు టిఫిన్ క్యారియర్ చేతికిచ్చింది. "పై గిన్నెలో పులిహోర, నీకే. కింది గిన్నె సంగతి నాకు తెలీదు, నేను చూడలా. యాకోబు రాలేదే?"

నీలా క్యారియర్ పిడి సవరించుకుంది. రేణుకమ్మ ఒక్క క్షణం ఆమె ముఖం చూసి, చేతిలో ఉన్న చాయ్ గ్లాసు నెమ్మదిగా కింద పెట్టింది.  తన పేరు కూడా ఆ వరసలోనే ఉందని ఆమెకు తెలియదు.

కింది గిన్నె అడుగున, క్యారియర్ పిడి మీది మీటతో నొక్కే జామర్ ఉంది. చెవిలో పెట్టుకునే వైర్‌లెస్ పరికరాలను పన్నెండు సెకన్ల పాటు మూగబోయేలా చేస్తుంది. ఒక్కసారే.

మూడున్నరకు మిర్యాలగూడ ఫంక్షన్ హాల్ దగ్గర సెక్యూరిటీ కుర్రాడు క్యారియర్ మూత తీశాడు. పోపు వాసన గుప్పుమంది.

"క్విజ్‌కు టిఫినేంది అక్కా?"

"ఓడిపోతే ఆకలైతది."

వాడు నవ్వి వదిలేశాడు.

ముప్పై కుర్చీలు. రైస్ మిల్లుల పిల్లలు, కోచింగ్ సెంటర్ కుర్రాళ్లు, ఇద్దరు టీచర్లు. మొదటి వరసలో తెల్ల ఖద్దరు, చెవులు మూసే పాగా, ఎవరో పెద్ద మిల్లు ఓనర్. నీలా చివరి వరసలో కూర్చుని, పేరు దగ్గర 'వెనక బెంచీ' అని కొట్టింది. స్టేజీ మీదకు హారిక వచ్చింది. ఫోటోలోని గౌనే. సెంటు వాసన చివరి వరస దాకా వచ్చింది.

"ఇరవై ప్రశ్నలు! ఒక్కోదానికి పది సెకన్లు! కరెక్ట్ ఆన్సర్‌కు వెయ్యి, గడిచే ప్రతి సెకనుకూ యాభై కట్! డబుల్ బటన్ ఒక్కసారే, నొక్కితే పాయింట్లు రెట్టింపు! రెడీనా మిర్యాలగూడా?"

మొదటి ప్రశ్న. ఆప్షన్లు: ఇనుము, పాదరసం, రాగి, సీసం. ఒక్కటే ద్రవం. నీలా వేలు ముందే దిగింది, తర్వాత ప్రశ్న చదివింది. సరిగ్గా అదే. రెండోది, మూడోది. ఏడో ప్రశ్న ఫుట్‌బాల్ గురించి. తెలియదు. వదిలేసింది. వరస తెగలేదు.

బోర్డు మీద మిస్టర్ జీరో ఒకటో స్థానంలో ఉన్నాడు. పదో ప్రశ్నకు డబుల్ వాడి మరీ దూరం వెళ్లిపోయాడు. అతని పేరు పక్కన సమయం: రెండు సెకన్లు. పిల్లలు చెప్పగలిగే ప్రశ్నకూ రెండే, ప్రొఫెసర్లు తలగోక్కునే ప్రశ్నకూ రెండే. తెలిసి ఆడేవాడు అట్లా ఆడడు. ఎవరో చెప్తుంటే విని నొక్కేవాడు ఆడతాడు.

పద్నాలుగో ప్రశ్నకు నీలా తడబడింది. మొదట తట్టింది సరైనదే. చివరి క్షణంలో మార్చింది. తప్పు. పాత జబ్బు.  క్యారియర్ పిడి మీదున్న మీట వైపు వేలు పాకింది. ఇప్పుడే నొక్కితే? డైరీలోని రెండు గీతలు గుర్తొచ్చాయి. వేలు వెనక్కి తీసుకుంది.

పందొమ్మిది పూర్తయ్యాయి. జీరో ఒకటో స్థానం. వెనక బెంచీ రెండు. మధ్యలో పద్నాలుగు వందల యాభై.

నీలా వేగంగా లెక్కేసింది. డబుల్ ఇంకా చేతిలో ఉంది. కానీ ఆమె సరిగ్గా చెప్పాలి, త్వరగా చెప్పాలి, వాడు తప్పు చెప్పాలి. ఈ మూడింట్లో ఏది తప్పినా రేణుకమ్మ లేదు.

హారిక మైకు సర్దుకుంది. "లాస్ట్ క్వశ్చన్ ముందు ఒక్క అనౌన్స్‌మెంట్. సర్టిఫికెట్లకు లామినేషన్ చెయ్యలేదండీ. లామినేషన్ లేకుంటే వానకు తడుస్తది, జర పైలం!"

హాల్లో అందరూ నవ్వారు. నీలా నవ్వలేదు. ఇవ్వాళ హారిక ఎటుందో తెలిసిపోయింది.

"ఇప్పుడొక సర్‌ప్రైజ్. ఇరవయ్యో ప్రశ్న స్క్రీన్ మీద లేదు, మీ చేతికొస్తది!" వాలంటీర్లు తలా ఒక చిన్న పొట్లం పంచారు. పొట్లంలో గుప్పెడు వడ్లు. "ఈ వడ్లల్ల తేమ ఎంత? తొమ్మిది, పదమూడు, పదిహేడు, ఇరవై ఐదు. టైం స్టార్ట్స్..."

నీలా మీట నొక్కింది.

"...నౌ!"

మిర్యాలగూడలో వడ్లు చేతికొస్తే ఎవరూ ఆలోచించరు. ఇరవై తొమ్మిది చేతులు ఒక్కసారే నోటి వైపు లేచాయి. కొరికిన చప్పుడు హాలంతా పరుచుకుంది. ఒక్క చెయ్యి మాత్రం పాగా కిందికి, చెవి దగ్గరికి పోయింది. మొదటి వరసలోని మిల్లు ఓనర్ పొట్లాన్ని బాంబును చూసినట్టు చూస్తున్నాడు. వడ్లు కొరకని మిల్లు ఓనరు ఈ తాలూకాలో పుట్టలేదు!

దొరికాడు. కానీ ఆట మిగిలే ఉంది.

రెండు సెకన్లు. నీలా పళ్ల మధ్య గింజ తెగింది. బాగా ఆరిన గింజ కటుక్కుమంటుంది. పచ్చిది మెత్తగా నలుగుతుంది. ఇది తెగుతూ తెగుతూ చివర్న కొంచెం సాగింది. మిల్లు కళ్లంలో కూలికి వడ్లు తిరగేసే వాళ్లమ్మ రంగి మాట చెవిలో మోగింది: 'గిట్ల సాగితే పదిహేడు బిడ్డా, ఇంకో ఎండ కావాలె.'

మూడు సెకన్లు. పదమూడేమో? వేలు పక్కకు జరగబోయింది. పాత భయం, పాత స్కూలు, ఎత్తని చెయ్యి.

వద్దు. మొదట తట్టిందే.

నాలుగో సెకను. డబుల్. పదిహేడు.

మొదటి వరసలో మనిషి చుట్టూ చూసి, గుప్పెడు వడ్లూ నోట్లో కుక్కుకుని, పొట్టు గొంతుకు అడ్డం పడి దగ్గుతూ ఏదో ఒకటి నొక్కాడు. బోర్డు వెలిగింది. జవాబు: పదిహేడు. వెనక బెంచీకి పదహారు వందలు. మిస్టర్ జీరోకు సున్నా. తేడా నూట యాభై. ఇంకో రెండు సెకన్లు ఆలోచించి ఉంటే ఓడిపోయేది.

నీలా ఫోనులో బాక్స్ మెరిసింది. కింద చిన్న అక్షరాలు: 'ముప్పై సెకన్లలో తెరవకపోతే బహుమతి రెండో స్థానానికి.'

ఆమె యాకోబు ఐడీ పాస్‌వర్డ్ కొట్టేలోపే తెల్ల ఖద్దరు ఎదురుగా నిలబడింది. నవ్వుతూ కుడి చెయ్యి చాపాడు. వేలికి లావాటి ఉంగరం. "కంగ్రాట్స్ అమ్మా! షేక్ హ్యాండ్."

పద్దెనిమిది సెకన్లు. నీలా ఫోను చంకలో ఇరికించుకుని, తల వంచి, రెండు చేతులూ జోడించింది. "నమస్తే సార్."

చాపిన చెయ్యి గాలిలో ఉండిపోయింది. వాడి నవ్వు మాయమైంది. ముందుకు దూకబోయాడు. అంతలో వెనక నుంచి సెంటు వాసన.

"రన్నరప్ గారికి చిరు సత్కారం!" హారిక శాలువా కప్పింది. భుజాల మీద కాదు, చేతులతో సహా చుట్టి, వెనక బిగించి ముడేసింది. జనం చప్పట్లు కొట్టారు. ఇద్దరు వాలంటీర్లు ఆయన్ను చెరో పక్కా పట్టుకుని ఎంతో మర్యాదగా బయటకు నడిపించారు. వాళ్లు జిరాక్స్ సెంటర్ మనుషులు.

నీలా ఫోను తీసి పాస్‌వర్డ్ కొట్టింది. ఆరు సెకన్లు. బాక్స్ తెరుచుకుంది. పదకొండు పేర్లు. మూడోది రేణుకమ్మ. నాలుగు. డిలీట్. 'ఖచ్చితంగా చెరపాలా?' మూడు. అవును. రెండు. స్క్రీన్ తెల్లబడింది.

నీలా కుర్చీలో కూలబడి, క్యారియర్ పై గిన్నె తీసింది. గెలిచినా ఆకలవుతుందని అప్పుడే తెలిసింది.

మర్నాడు కోదాడలో ఖాళీ క్యారియర్ తిరిగిస్తే రేణుకమ్మ అడిగింది. "గెలిచావంట గదా, ఏమిచ్చారు?"

"ఒక లిస్టు ఇచ్చిన్రు అత్తా. చెరిపేసిన."

రేణుకమ్మ చాయ్ వడపోస్తూ తల అడ్డంగా ఊపింది. "ఇదేం ఆటమ్మా! ఓడినాయనకి చూడు, శాలువా కప్పి పంపారంట."