పెండా పళ్ళెంలో అరామ్ చోటు

ఆ ఉదయం సెయింట్ లూయీ పట్టణంలో నది మీంచి లేచిన పొగమంచు మెల్లగా వీధిలోకి వచ్చి, పొరుగింటి పెండా వాకిట్లో పొయ్యి పొగతో కలిసిపోయింది. ఏది మంచో ఏది పొగో తెలియని ఆ తెల్లటి వెలుతురులో కీనే తన కెమెరా నిలబెట్టుకుంది. మామూలు జనం ఏం వండుకుంటారో, ఎవరితో కలిసి తింటారో చూపిస్తూ ఇరవై ఏళ్ళుగా డాక్యుమెంటరీలు తీస్తున్న మనిషి ఆమె. సొంత వీధిని తీయడం మాత్రం ఇదే మొదలు.

"నా మొహం ఏం తీస్తావే? అందరం చుట్టూ కూర్చుని తినే ఆ పళ్ళెం తియ్యి," అంది పెండా, చేప పొట్టలో వెల్లుల్లి, మిరప ముద్ద కూరుతూ. "అందులో గోడవైపు నీ కూతురి చోటు. నువ్వు ఊళ్ళు పట్టుకు తిరిగినన్నాళ్ళూ మధ్యాహ్నం అన్నం ఇక్కడే తినేది."

"ఇక్కడా? మా ఆడపడుచు పెట్టేది కదక్కా?"

"ఆవిడ చేపల బజారు నుంచి వచ్చేసరికి సాయంత్రమయ్యేది. పిల్ల ఆకలి అంతసేపు ఆగుతుందా? అయినా అదో పెద్ద విషయమా!"

కీనేకి ఆ తర్వాత ఏం తీసిందో గుర్తులేదు. కలలో నడుస్తున్నట్టు పొయ్యి చుట్టూ తిరిగింది. మధ్యాహ్నం కూతురు అరామ్ బడిలో పిల్లలకు పాఠాలు చెప్పి అక్కడికి రాగానే ఆత్రంగా ఎదురెళ్ళింది.

"రామ్మా, నువ్వు రోజూ తినేదానివట, ఆ చోట కూర్చో. చిన్నప్పటి సంగతులు చెప్పు, రికార్డు చేస్తాను."

అరామ్ మొహం మాడిపోయింది. "నా ఆకలి కూడా నీ సినిమాకే పనికొచ్చిందా?"

"అదేం మాటే! నాకెందుకు చెప్పలేదు?"

"ఎప్పుడు చెప్పను? వచ్చేదానివి, పడుకునేదానివి, పెట్టె సర్దుకునేదానివి. ఏ ఊళ్ళో ఎవరేం తింటారో గుక్కతిప్పుకోకుండా చెబుతావు. నాకేది పడదో చెప్పు చూద్దాం!"

కీనే కెమెరా మీద నుంచి చెయ్యి తీసేసింది.

"పోట్లాట తర్వాత. అన్నం చల్లారిపోతోంది," అంటూ పెండా పెద్ద పళ్ళెం తెచ్చి చాప మీద పెట్టింది.

కీనే కెమెరా ఆపేసి కూతురి పక్కన కూర్చుంది. ఎర్రటి అన్నం మీంచి ఆవిరి లేస్తోంది. పెండా తన మానాన తను ఏదో కబురు చెబుతూనే, అరామ్ వైపున్న వంకాయ ముక్క తీసి తన ముందు పెట్టుకుంది. ఎవరూ అడగలేదు, ఎవరూ చెప్పలేదు.

"వంకాయా?" అంది కీనే.

"ఊఁ. గొంతు దురద. చిన్నప్పటినుంచీ."

కీనే కళ్ళు మసకబారాయి. "ఇంకా ఏవేం పడవే నీకు?"

అరామ్ చేప ముక్క విరిచి, ముల్లు తీసి, తల్లి ముందున్న అన్నంలోకి నెట్టింది.

"ముందు తినమ్మా. ఒక్కోటీ చెబుతాను."